కల్లంగడి కథ

కుమ్మరి సారెను గూర్చియు, సాలెవాని మగ్గమును గూర్చియు మన చరిత్ర గ్రంథములలో చదువుచున్నాము. కల్లుముంత నింపి యిచ్చిన చేతిని గూర్చి చదువుట అరుదు. త్రాగుట మంచిదా, చెడ్డదా అని ధర్మశాస్త్రముల నాటినుండి శాసనసభల నాటివరకు వాదములు జరుగుచునే యున్నవి. ఆ వాదములలో త్రాగువాడు కనబడును. పన్ను వసూలు చేయు ప్రభువు కనబడును. ఆ యిద్దరి నడుమ నిలిచిన మనిషి కనబడడు. చెట్టెక్కి గీసినవాడు, కుండయొద్ద కూర్చుండి పోసిన యిల్లాలు, నేడు బారులో గాజుగ్లాసు నింపు పనివాడు, వీరెట్టి పని చేసిరి, ఏ కూలి పొందిరి అని అడిగినవారు కొందరే. తెలుగునాట ఈ పని యెట్లు మారినదో, దానితోపాటు జనుల త్రాగుడు అలవాట్లు ఎట్లు మారినవో నేడు ముచ్చటించుకొందము.

పానశాల మన దేశమునకు క్రొత్తది కాదు. కౌటిల్యుని అర్థశాస్త్రము రెండవ అధికరణములో సురాధ్యక్షుని గూర్చి ఒక ప్రకరణమే కలదు. పానగృహమునకు పెక్కు గదులుండవలెననియు, వానిలో వేరువేరుగా పడకలు, ఆసనములు, గంధము, పూలమాలలు, నీరు అమర్చవలెననియు అందు చెప్పబడినది. సంపాదనకు మించి వ్యయము చేయువారిని గూఢచారులు కనిపెట్టుచుండవలెను. చెడిపోయిన సురను దాసులకును, పనివారికిని కూలి క్రింద ఇచ్చివేయవచ్చునని కూడ ఆ ప్రకరణమే చెప్పుచున్నది. కూలికి బదులు మద్యమిచ్చు వాడుక ఎంత పాతదో దీనివలన తెలియుచున్నది. రాజుగారి పన్ను, కావలివాని కన్ను, పనివాని కూలి, ఈ మూడును ఆనాటినుండి పానశాలను విడువలేదు.

ఇక మన ప్రాంతమునకు వత్తము. ఇచ్చట కల్లు ముఖ్యముగా తాటిచెట్టునుండియు, ఈతచెట్టునుండియు వచ్చును. తూర్పు కనుమల మన్యములో జీలుగకల్లు ప్రసిద్ధము. గౌడ, ఈడిగ, యాత, శెట్టిబలిజ, శ్రీశయన మొదలైన పేర్లతో పిలువబడువారు ఈ గీతవృత్తిని తరతరములుగా చేయుచు వచ్చిరి. నడుమునకు మోకు, కాళ్లకు గుజి, కత్తులుంచుకొనుటకు ముత్తాదు, ఇవి గీతవాని సాధనములు. తాటిగెల చివరను ఉదయము, సాయంకాలము పలుచగా చెక్కి లొట్టి కట్టవలెను. కోత లోతైనచో గెల చెడును. చాలనిచో ధార రాదు. 60 అడుగుల చెట్టును దినమునకు రెండు మారులు ఎక్కి దిగవలెను. వానలో మట్ట జారినను, మోకు తెగినను ప్రాణము దక్కుట కష్టము. ఆ భయముననే గీతవారు కాటమయ్యకు మ్రొక్కి చెట్టెక్కుదురు.

చెట్టునుండి కారునపుడు ఆ రసము తియ్యగా నుండును. గాలిలోను, లొట్టిలోను ఉండు ఈస్టు వలన కొన్ని గంటలలోనే పులిసి మత్తు నిచ్చును. మరునాటికి పుల్లబడి త్రాగుటకు పనికిరాదు. లొట్టి లోపల సున్నము పూసినచో పులియకుండ నిలుచును. దానినే నీరా అందురు. కల్లునకు గల ఈ స్వభావమే కల్లంగడి స్వరూపమును నిర్ణయించినది. నిలువయుంచి అమ్మదగిన సరకు కాదు గనుక అంగడి చెట్టునకు దగ్గరగా ఉండవలసివచ్చెను. గీసినవాడో, వాని యింటివారో అమ్మవలసివచ్చెను. ఈ కల్లు ఎవరు దించిరో, ఏ చెట్టుదో త్రాగువానికి తెలియును. అందు కల్తీ కలిపినవాడు మరునాడు అదే వీధిలో అదే మనిషికి ఎదురుపడవలెను.

తాటాకు పందిరి, వరుసగా కుండలు, సొరకాయబుర్ర, తాటాకు దొప్పలు, ఇంతియే నాటి అంగడి. కుండయొద్ద కూర్చుండునది పెక్కుచోట్ల గీతవాని భార్యయే. అతడు చెట్టుమీద నుండగా ఆమె కొలత చూచి పోయును. ఎవరెంత బాకీయో మనస్సున ఉంచుకొనును. శ్రుతి మించినవానిని మందలించి యింటికి పంపును. నేడు బారులో నలుగురు పంచుకొని చేయు పనిని ఆమె యొక్కతెయే చేయుచుండెడిది. ఆ కుటుంబమునకు రాబడి నాణెములలో కొంత, ధాన్యములో కొంత. వాడుక యిండ్లవారు కళ్లమునాడు గింజలు కొలిచెడివారు. నాట్లనాడును, కోతలనాడును ఆసాములు కూలీలకు కల్లు పోయించుట, గ్రామదేవతకు సాకపోయుట, పెండ్లికిని చావునకును కుండ తెప్పించుట, ఇట్లు త్రాగుడు పనికిని, పండుగకును ముడిపడి యుండెను. ఆ కాలమున తాగుబోతులు లేరని నా అభిప్రాయము కాదు. పులిసిన కల్లులో మత్తు పదార్థము నూటికి అయిదారు పాళ్లకు మించదు. చెట్టు ఇచ్చినంతయే సరకు. అలవాటునకు ప్రకృతియే ఒక హద్దు గీచినది.

ఆ హద్దులోనికి దొరతనము వచ్చుట 19వ శతాబ్దమున స్పష్టముగా కానవచ్చును. గోదావరి మన్యమున రంప ప్రాంతములో మన్సబుదారు కల్లుపై చిగురుపన్ను వేయుచుండెను. దానిమీద మద్రాసు ప్రభుత్వపు ఆబ్కారీ నిబంధనలు వచ్చి పడెను. కొండవాడు తన జీలుగచెట్టును తన యింటి అవసరమునకు గీసికొనుటయు నేరమయ్యెను. కల్లు హక్కు గుత్తేదారుల పాలయ్యెను. 1879 మార్చిలో రంపలో తిరుగుబాటు చెలరేగెను. అది గూడెము కొండలకును, భద్రాచలము వైపునకును వ్యాపించి 1880వరకు సాగెను. దాని నాయకులలో కారము తమ్మన్నదొర, ద్వారబంధాల చంద్రయ్య పేర్లు నేటికిని వినబడుచున్నవి. ఈ తిరుగుబాటునకు కారణములు పెక్కులైనను, ముంతెడు కల్లుపై హక్కు వానిలో ముఖ్యమైనది.

ఆబ్కారీ అనునది పారసీక పదము. ఆబ్ అనగా నీరు, కారీ అనగా పని. 1886లో మద్రాసు ఆబ్కారీ చట్టము వచ్చిన పిదప ఈ నీటిపని ప్రభుత్వమునకు పెద్ద ఆదాయమార్గమయ్యెను. గీయు చెట్టునకు చెట్టుపన్ను, చెట్టుపై అంకె, అంగడి హక్కునకు వేలముపాట. పెద్దపాట పాడుటకు గీతవానియొద్ద సొమ్మెక్కడిది? పెక్కుచోట్ల షావుకార్లు పాడుకొనిరి. నిన్నటివరకు తన కల్లు తాను అమ్ముకొన్నవాడు గుత్తేదారునకు కల్లు దించి యిచ్చు కూలివాడయ్యెను. అతని భార్య కూర్చుండిన చోట గుత్తేదారుని గుమాస్తా కూర్చుండెను. పాటసొమ్ము రాబట్టుకొనవలసినవాడు ఎక్కువ అమ్మజూచును, అప్పు పెట్టి అమ్మును, నీళ్లు కలుపును. త్రాగువానిని ఇంటికి పొమ్మని మందలించు నోరు అంగడినుండి తొలగిపోయినది.

నిజాము రాష్ట్రమునను ఇదియే తీరు. అచ్చట పాటదారును ముస్తాజరు అనిరి. నగరమున కల్లును సేంది అనిరి. అది అమ్ము ప్రహరీగోడల ఆవరణములకు కల్లు కాంపౌండులని పేరు వచ్చెను. బొమ్మగాని ధర్మభిక్షము వంటి నాయకులు తెలంగాణమున గీత పనివారిని సంఘములుగా కూడగట్టిరి. దున్నువానికే భూమి అన్నట్లు గీయువానికే చెట్టు అనునది వారి కోరిక. తరువాతి కాలమున గీత సహకార సంఘములకు చెట్లు అప్పగించు పద్ధతియు, విడిగా ఒక్కొక్క గీతవానికే లైసెన్సు ఇచ్చు పద్ధతియు వచ్చుటకు ఈ కోరికయే మూలము.

ఇంతలో మద్యనిషేధము వచ్చెను. రాజగోపాలాచారిగారి మంత్రివర్గము 1937 అక్టోబరు 1న సేలము జిల్లాలో దానిని ప్రారంభించి, 1938లో చిత్తూరు, కడప జిల్లాలకు విస్తరించెను. తగ్గిన ఆదాయమును పూడ్చుకొనుటకు 1939లో అమ్మకపు పన్ను వేసిరి. నేడు మనము అంగడిలో చెల్లించు పన్నునకు పూర్వరూపము ఆనాటి కల్లుకుండనుండి పుట్టినదని చాలమందికి తెలియదు. యుద్ధకాలమున ఆగిన నిషేధము మరల వచ్చి 1948నాటికి మద్రాసు రాష్ట్రమంతట వ్యాపించెను. వేలకొలది గీత కుటుంబములకు పని పోయెను. సున్నపు లొట్టులలో తీపిరసము దించి తాటిబెల్లము వండుకొనుడని ప్రభుత్వము సహకార సంఘములు పెట్టించెను. కాని బెల్లమునకు వంటచెరకు కావలెను, గిరాకి కావలెను. కల్లు ఇచ్చిన రాబడిని బెల్లము ఇయ్యలేదు.

ఆంధ్రరాష్ట్రము ఏర్పడిన పిదప ఈ సమస్య శాసనసభకు ఎక్కెను. గౌతు లచ్చన్న వంటివారు గీతవారి పక్షమున ఉద్యమము నడిపిరి. రామమూర్తి సంఘము నిషేధమును ఎత్తివేయవలెనని సిఫారసు చేసెను. ప్రకాశము పంతులుగారి మంత్రివర్గము దాని నంగీకరింపలేదు. 1954 నవంబరులో అవిశ్వాస తీర్మానము ఒక్క ఓటు తేడాతో నెగ్గి ఆ మంత్రివర్గము పడిపోయెను. చెట్టుమీది మనిషి కూలి ఒక రాష్ట్రపు గద్దెను కదలించిన ఘట్టమిది.

1956లో ఆంధ్రప్రదేశ్ అవతరించినపుడు కోస్తా, రాయలసీమలలో నిషేధము, తెలంగాణమున అమ్మకము నుండెను. 1968లో ఎక్సైజు చట్టము వచ్చిన తరువాత అంతటను అమ్మకమునకు దారి తెరువబడెను. ఇక్కడినుండి అలవాటు వేగముగా మారినది. సారా నిలువయుండును, లారీలో పోవును, గీయువానితో పనిలేదు. 1980 దశకమున వారుణివాహిని పేరుతో సారా ప్లాస్టిక్ పొట్లములలో పల్లెపల్లెకు చేరెను. పొట్లము విప్పుటకు కుండయు అక్కరలేదు, కొలత అక్కరలేదు, పోయు చేయియు అక్కరలేదు. కూలిడబ్బు సాయంకాలమునకే ఆవిరియగుట చూచి 1992లో నెల్లూరు జిల్లా దూబగుంట స్త్రీలు సారా అంగడిని మూయించిరి. వయోజన విద్యాతరగతులలో చదివిన పాఠము వారికి ధైర్యమిచ్చినదందురు. వర్ధినేని రోశమ్మ పేరు దేశమంతట వినబడెను. 1993 అక్టోబరు 1న రాష్ట్రమున సారా నిషేధింపబడెను. 1995 జనవరి 16న సంపూర్ణ నిషేధము వచ్చెను. 1997లో అది సడలింపబడెను.

సారా పోయిన చోటికి సీసామద్యము వచ్చినది. విస్కీ, బ్రాందీ అని మనము పిలుచు ఈ సరకులో మత్తు పదార్థము నూటికి 42.8 పాళ్లు. కల్లుతో పోల్చినచో ఏడెనిమిది రెట్లు. పందిరి క్రింద పదిమంది నడుమ త్రాగిన మనిషి ఇప్పుడు 180 మిల్లీలీటర్ల సీసా జేబున పెట్టుకొని ఒంటరిగా పోవుచున్నాడు. లేదా చలువగదుల బారులో 30 మిల్లీలీటర్ల పెగ్గు లెక్కన త్రాగుచున్నాడు. ఆ బారులో పోయువాడు నెలజీతగాడు. కల్లుపై గీతవానికున్న పాలు వానికి సీసాపై లేదు. జీతము చాలనిచోట గిరాకిదారు విసరిన ఇనాముపై ఆధారపడవలెను. ఎక్కువ త్రాగించినచో ఎక్కువ ఇనాము. వలదని మందలించిన ఇల్లాలికి, వలదన్నచో నష్టపడు ఈ పనివానికి ఎంత అంతరము!

ఆ యిల్లాలి మాట వచ్చినది గనుక ఒక తీర్పు చెప్పుకొనవలెను. మద్యము త్రాగు స్థలములలో స్త్రీలకును, 25 ఏండ్లు నిండని పురుషులకును ఉద్యోగమీయరాదని 1914నాటి పంజాబు ఎక్సైజు చట్టము శాసించెను. ఢిల్లీ హోటళ్లకును అది వర్తించుచుండెను. 2007 డిసెంబరులో సుప్రీంకోర్టు ఆ నిబంధనను కొట్టివేసెను. స్త్రీని కాపాడు పేర ఆమె పనిని తీసివేయరాదని ఆ తీర్పు సారము. నగరములలో బారు బల్లవెనుక నిలుచు యువతిని చూచి ఆశ్చర్యపడువారు, మన పల్లెలలో కుండవెనుక కూర్చుండిన ఆమె అవ్వను మరచినారనవలెను.

ఇటీవలి సంగతి మరియొకటి. ఆంధ్రప్రదేశ్‌లో 2019 అక్టోబరునుండి మద్యపు దుకాణములను ప్రభుత్వమే నడిపెను. అమ్మువారు ఒప్పందపు జీతగాండ్రయిరి. 2024 అక్టోబరులో దుకాణములు మరల ప్రైవేటువారికి పోగా ఆ జీతగాండ్ర కొలువు ముగిసెను. తెలంగాణమున 2021లో దుకాణముల కేటాయింపులో గౌడులకు నూటికి 15 వంతులు ప్రత్యేకించిరి. పోయిన చెట్టునకు బదులు దుకాణమన్నమాట. ఐనను ఆ వాటా పెట్టుబడి పెట్టగలవానికే. మోకు పట్టినవానికి కాదు.

కల్లు మాత్రము పూర్తిగా పోలేదు. హైదరాబాదు నగరమున 2004లో మూతబడిన కల్లు దుకాణములు 2014లో మరల తెరువబడెను. కాని నగరము పెరిగి చెట్లు తరిగినవి, గిరాకి తరుగలేదు. ఆ లోటును క్లోరల్ హైడ్రేటు, ఆల్ప్రాజోలాము వంటి మందులతో పూడ్చు దుర్మార్గులు బయలుదేరిరి. అట్టి కల్లునకు అలవాటుపడినవారు అది ఒక్కనాడు దొరకకున్నను వణకి ఆసుపత్రుల పాలగుచున్నారు. చెట్టునకును, దొప్పకును దూరము పెరిగిన కొలది నమ్మకము తరిగినది. మరియొక వైపు, 2023లో హుస్సేనుసాగరము తీరమున నీరా కేఫ్ తెరువబడెను. 2024లో తెలంగాణ ప్రభుత్వము గీతవారికి కాటమయ్య రక్షణ కవచమను పేర పట్టీలు, త్రాళ్లతో కూడిన సాధనములు పంచ నారంభించెను. ఎన్నియో తరములు దేవుని పేరు మాత్రమే కాపాడిన చోట ఒక పట్టీ వచ్చుట చిన్న విషయము కాదు.

మద్యము వలదని రాజ్యాంగము 47వ అధికరణము ప్రభుత్వములకు ఆదర్శము చూపినది. దూబగుంట తల్లుల కన్నీరు ఆ ఆదర్శమునకు సాక్ష్యము. దానిని ఎవరును తేలికగా త్రోసిపుచ్చరాదు. అయితే 1948లోను, 1995లోను, 2024లోను జరిగినది చూడుడు. చట్టము ఏ వైపు మారినను మొదట పని పోయినది పోసినవానికే. అతనికి మరొక బ్రతుకుతెరువు ముందుగా చూపిన సందర్భము అరుదు. ఇకముందు అంగడి మూసినను, తెరచినను, ఆ నిర్ణయము వ్రాయు కాగితమున అతని పేరునకు ఒక పంక్తి ఉండవలెనని కోరుట న్యాయము.