రాజీ అయితే కేసు పోయినట్టేనా? చట్టం నడిచొచ్చిన దారి



ఈ ఏడాది నివేదికలో పొదుపులు, అప్పులు, వసూళ్ల లెక్కలతో పాటు ఒక చట్టం చరిత్ర కూడా రాయాలని మా సోషల్ యాక్షన్ కమిటీ అనుకున్నది. మా దగ్గరికి వచ్చే గొడవల్లో చాలామంది అడిగే మాట ఒకటే: "రాజీ అయిపోయాం కదా, ఇంక కేసు పోయినట్టేనా?" దీనికి జవాబు తెలియక మేము ఒకసారి తప్పు చేశాం. అది కూడా దాచుకోకుండా రాస్తున్నాం.

ముందు ఒక సంగతి తెలుసుకోవాలి. పోలీసు కేసు కట్టాక అది మన ఒక్కరి కేసు కాదు, ప్రభుత్వం నడిపే కేసు. మనం అందులో సాక్షులం. అందుకే "నేను కేసు వాపసు తీసుకుంటున్నా" అన్నంత మాత్రాన అది ఆగదు.

అయితే చిన్న చిన్న తగాదాల్లో రాజీకి చట్టం మొదటినుంచీ దారి ఇచ్చింది. తెల్లవాళ్ల కాలంలో వచ్చిన 1898 క్రిమినల్ ప్రొసీజర్ కోడ్‌లో 345వ సెక్షన్ కింద రాజీ చేసుకోదగ్గ నేరాల పట్టిక ఉండేది. 1923లో 561ఏ అనే సెక్షన్ చేర్చారు. కోర్టును ఎవరూ అడ్డంగా వాడుకోకుండా చూడటానికి, న్యాయం నిలబెట్టడానికి హైకోర్టుకు ఉన్న సొంత అధికారం అలాగే ఉంటుందని దాని భావం. స్వాతంత్ర్యం వచ్చాక చేసిన 1973 కోడ్‌లో ఈ రెండూ 320, 482 సెక్షన్లు అయ్యాయి. చేయి చేసుకోవడం, తిట్టడం, ఇంట్లోకి జొరబడటం లాంటివి 320 పట్టికలో ఉన్నాయి. లోక్ అదాలత్‌లో తెగే క్రిమినల్ కేసులు కూడా ఇలా రాజీకి వీలున్నవే.

1983లో 498ఏ వచ్చింది. భర్త, అత్తింటివాళ్లు పెట్టే హింసకు శిక్ష వేసే సెక్షన్ అది. దాన్ని ఆ పట్టికలో చేర్చలేదు. అది ఒకందుకు మంచిదే, భయపెట్టి రాజీ చేయించడం కష్టమైంది. ఇంకొకందుకు ఇబ్బంది అయ్యింది. ఆలుమగలు ఇష్టపడి విడిపోయినా, మళ్లీ కలిసినా, కేసు మాత్రం ఏళ్ల తరబడి నడిచేది.

ఈ చిక్కు హర్యానా నుంచి వచ్చిన బి.ఎస్. జోషి కేసులో సుప్రీంకోర్టు ముందుకొచ్చింది. భార్యాభర్తలు రాజీపడి విడాకులకు ఒప్పుకున్నారు. పట్టికలో లేని నేరం కాబట్టి కేసు కొట్టేయలేమని హైకోర్టు అన్నది. 2003 మార్చిలో సుప్రీంకోర్టు అది సరికాదన్నది. పట్టిక వేరు, హైకోర్టు సొంత అధికారం వేరు, పట్టిక ఆ అధికారానికి అడ్డం కాదని చెప్పింది.

అదే ఏడాది మన ఉమ్మడి ఆంధ్రప్రదేశ్ కూడా చట్టం సవరించింది. ఆగస్టు 1 నుంచి, కోర్టు అనుమతితో 498ఏలో రాజీ కావచ్చని అన్నది. కానీ ఒక షరతు పెట్టింది. అర్జీ పెట్టాక కనీసం మూడు నెలలు ఆగాలి. ఆ లోపు ఇద్దరిలో ఎవరు వద్దన్నా రాజీ చెల్లదు.

ఆ మూడు నెలల విలువ మాకు మా సంఘంలో ఒక చెల్లెలి కేసులో తెలిసింది. పెద్దమనుషులు కూర్చుని రెండు విడతల్లో డబ్బు ఇప్పిస్తామన్నారు. మేమూ సాక్షి సంతకాలు పెట్టి సంతోషంగా ఇంటికొచ్చాం. మొదటి విడత ఇచ్చి, రెండో విడతకు మొహం చాటేశాడు. "సంతకం పెట్టావు కదా, కేసు ఎప్పుడో పోయింది" అన్నాడు. మేము కూడా నిజమే అనుకున్నాం. ఆ పిల్ల మా ముందు ఏడుస్తుంటే తలెత్తలేకపోయాం.

న్యాయ సేవా కమిటీ ఇచ్చిన లాయరమ్మ చెబితే గానీ తెలియలేదు, గడువు ఇంకా పదకొండు రోజులు ఉందని. ఆ చెల్లెలు కోర్టుకెళ్లి "నాకు ఈ రాజీ వద్దు" అన్నది. కేసు నడిచింది. తర్వాత మిగతా డబ్బు డీడీ తీసి కోర్టులోనే ఇచ్చాడు. అప్పుడు మళ్లీ అర్జీ పెట్టారు. మళ్లీ మూడు నెలలయ్యాక ఆమె తన నోటితో సరే అన్నది.

మరి ఏ కేసైనా ఇలా పోతుందా? పోదు. 2012లో జ్ఞాన్ సింగ్ కేసులో ముగ్గురు జడ్జీల సుప్రీంకోర్టు ధర్మాసనం గీత గీసింది. కుటుంబ తగాదాలు, డబ్బు లావాదేవీల వంటి వాటిలో రాజీ చూసి హైకోర్టు కేసు కొట్టేయవచ్చు. హత్య, అత్యాచారం, దోపిడీ లాంటి ఘోరాల్లో బాధితులు రాజీపడ్డా కొట్టేయకూడదు. అవి ఒక ఇంటికి జరిగిన అన్యాయం కాదు, సమాజానికి జరిగినవి.

2024 నవంబరులో ఇంకో తీర్పు వచ్చింది. రాజస్థాన్‌లో ఒక టీచరు బడిపిల్లతో అసభ్యంగా ప్రవర్తించాడని కేసు అయింది. తండ్రితో రాజీ కాగితం రాయించుకుంటే 2022లో అక్కడి హైకోర్టు కేసు కొట్టేసింది. ఆ ఇంటికి ఏమీ కాని ఊరివాళ్లే సుప్రీంకోర్టుదాకా వెళ్లారు. సుప్రీంకోర్టు కేసును మళ్లీ నిలబెట్టింది. పిల్ల తరఫున తండ్రి రాజీ రాసినా అది చెల్లలేదు. ఊరివాళ్లు ఊరికే ఉంటే ఆ కేసు అక్కడే ఆగిపోయేది. మన సంఘాలు గుర్తుపెట్టుకోవాల్సింది ఇదే.

2024 జూలై 1 నుంచి కొత్త చట్టాలు వచ్చాయి. ఇప్పుడు రాజీ పట్టిక 359వ సెక్షన్, హైకోర్టు అధికారం 528వ సెక్షన్, పాత 498ఏ కొత్త సంహితలో 85. నంబర్లు మారినా పెద్దమనుషుల కాగితంతో కేసు పోదు. పోవాలంటే కోర్టు ఒప్పుకోవాలి.

అందుకే మా కమిటీ నాలుగు తీర్మానాలు చేసుకున్నది. రాజీ మాట వస్తే ముందు ఆమెను ఒక్కదాన్నే కూర్చోబెట్టి అడుగుతాం. తెల్లకాగితం మీద సంతకం పెట్టనివ్వం. డబ్బు సంగతి కోర్టు ముందే తేల్చుకోమంటాం. అత్యాచారం, చిన్నపిల్లల కేసుల్లో ఎవరు పిలిచినా రాజీకి కూర్చోం.

ఆడవాళ్లు ఎవరైనా, ఆదాయంతో పనిలేకుండా, న్యాయ సేవా కమిటీలో ఉచితంగా లాయరును అడగొచ్చు. సంతకం పెట్టకముందే అడగండి. మేము పెట్టాక అడిగాం.