కుదురులేని పిల్లలు

మన యిండ్లలో బిడ్డను మెచ్చుకొనుటకు తఱచుగా వినబడు మాట యొకటి కలదు: "వాడు కూర్చోబెట్టినచోట కూర్చుండును." నిందించుటకును అట్టి మాటయే కలదు: "వానికి కాలు నిలువదు." ఈ రెండు మాటలలోను విద్యనుగూర్చిన మన యభిప్రాయ మంతయు నిమిడియున్నది. కదలనివాడు చదువుకొనుచున్నాడనియు, కదలువాడు చెడిపోవుచున్నాడనియు మనము నమ్మితిమి. అష్టావధానులకు సభలు చేసి శాలువలు కప్పి, అవధానశక్తిని గొప్ప విద్యగా గౌరవించిన జాతి మనది. ఆ శక్తి పుట్టుకతోనే కొఱవడిన బాలుని విషయమున మాత్రము మనమేమి చేసితిమి? ఇతర దేశములవా రేమి చేసిరి? ఈ చరిత్రను మే మించుక విచారింప దలచితిమి.

1822వ సంవత్సరమున చెన్నరాజధాని గవర్నరగు సర్ థామస్ మన్రో, తన యేలుబడిలోని నాటుబడుల స్థితిని విచారించి తెలుపవలసినదని జిల్లా కలెక్టరులకు ఆజ్ఞాపించెను. బళ్లారి కలెక్టరగు క్యాంబెల్ దొర 1823 ఆగష్టులో బదులు వ్రాసెను. ఈతడు తెలుగునకు వ్యాకరణము రచించినవాడు. మన భాషను, మన బడులను దగ్గఱనుండి యెఱిగినవాడు. అనంతపురపు సీమ నాడు బళ్లారి జిల్లాలోనే చేరియుండెను. జిల్లాలో 533 బడులుండగా, అందు 226 తెలుగు బడులని యాతడు లెక్క చెప్పెను. ఉదయము 6 గంటలకు బడి మొదలగును. ముందుగా వచ్చిన బాలుని యరచేత సరస్వతి పేరు వ్రాయుదురు. రెండవవాని చేత సున్న చుట్టుదురు. మూడవవానికి మెల్లగా నొక దెబ్బ, నాలుగవవానికి రెండు, ఆ తరువాత వచ్చినవారికి ఒక్కొక్కటి హెచ్చుగా దెబ్బలు పడును. పిల్లలు ఇసుకలో వ్రేలితో అక్షరములు దిద్దుకొందురు. చదువునందు మనసు నిలుపనివానికి కఠినశిక్షలు కలవు. వానిని కొట్టుదురు, లేదా చేతులు రెండును త్రాటికి కట్టి యింటికప్పునుండి వ్రేలాడదీయుదురు, లేదా ఎడతెగక మోకరిల్లి లేచుచుండునట్లు చేయుదురు. వ్రేలాడదీయుటను మన తాతలు కోదండమనిరి. కూర్చుండి లేచునట్టి శిక్షకు గుంజిళ్లను పేరు నేటికిని మాసిపోలేదు.

ఈ కడపటి శిక్షనుగూర్చి క్యాంబెల్ దొర యొక చిన్నమాట చేర్చెను. అది మిక్కిలి బాధాకరమైనదే యైనను బహుశః ఆరోగ్యకరమైన శిక్ష యని యాతని యభిప్రాయము. పరిహాసముగా వ్రాసెనో, నిజముగా వ్రాసెనో గాని, ఈ మాట మా మనస్సున నాటుకొన్నది. కదలకుండ కూర్చుండలేని బాలునికి కదలికయే శిక్షగా విధింపబడినది. వాని దేహము దేనిని కోరుచున్నదో దానినే అవమానముతో గలిపి యిచ్చిరి.

నాటి పంతుళ్లు క్రూరులని మేము చెప్పబోము. మనస్సు నిలుపుట ఇచ్ఛాధీనమనియు, నిలుపనివాడు కావలెనని నిలుపకున్నాడనియు లోకమంతయు నమ్మిన కాలమది. అయినను అంతకుముందే ఐరోపాలో ఇద్దఱు వైద్యులు వేఱువిధముగా నాలోచించిరి. 1775లో మెల్కియోర్ ఆదాం వైకార్డ్ అను జర్మను వైద్యుడు, దేనియందును దృష్టి నిలుపలేని జనులను రోగులనుగా నెంచి వ్రాసెను. ఆతడు చెప్పిన చికిత్సలలో చన్నీటి స్నానము, సింకోనా పట్ట, ఉక్కుపొడి మొదలైనవి కలవు. వానితోపాటు గుఱ్ఱపుస్వారియు వ్యాయామమును గలవు. చదువరు లీ సంగతిని జ్ఞాపకముంచుకొందురుగాక. ఈ విషయమును గూర్చి వ్రాసిన మొట్టమొదటి వైద్యులలో నొకడు వ్యాయామమును మందుల జాబితాలో చేర్చెను.

రెండవవాడు స్కాట్లండువాడగు అలెగ్జాండర్ క్రైటన్. 1798లో ఈయన ప్రకటించిన మానసరోగ గ్రంథమున అవధానమునకు ప్రత్యేకముగా నొక ప్రకరణము కలదు. ఈ లోపము కొందఱికి పుట్టుకతో వచ్చుననియు, కొందఱికి వ్యాధివలన కలుగుననియు, వయస్సుతో కొంత తగ్గుననియు ఆయన వ్రాసెను. లాటిను, గ్రీకు వ్యాకరణములవంటి శుష్కపాఠములు ఇట్టి బాలురకు దుర్భరములనియు గ్రహించెను. దోషము బాలునియందే కాక పాఠమునందును ఉండవచ్చునని గుర్తెఱిగిన యీ వైద్యుని దూరదృష్టి మెచ్చదగినది. కాని ఆయన మాట చాలకాలము మఱుగున పడిపోయెను.

1844 క్రిస్మసునకు ఫ్రాంక్‌ఫర్టు నగరపు వైద్యుడు హైన్రిక్ హోఫ్మన్ తన మూడేండ్ల కుమారునికి బొమ్మల పుస్తక మొకటి స్వయముగా వ్రాసి యిచ్చెను. మఱుసటియేట అది అచ్చుపడి దేశదేశముల వ్యాపించెను. తరువాతి కూర్పులలో చేరిన ఫిలిప్పు అను బాలుని కథలో, వాడు భోజనపుబల్ల వద్ద కుదురుగా కూర్చుండక కుర్చీతో ఊగి ఊగి, తుదకు బల్లమీది గుడ్డతోగూడ భోజన మంతయు క్రింద పడవేయును. తండ్రి కోపించును, తల్లి నోరు మెదపక చూచును. ఈ కథను చదివి నవ్వని యిల్లుండదు. కాని నవ్వులో నొక తీర్పు కలదు: వాడు చెడ్డపిల్లవాడు.

ఈ తీర్పును వైద్యశాస్త్రమును పూర్తిగా విడువలేకపోయెను. 1902లో లండను వైద్యకళాశాలలో జార్జి స్టిల్ అను శిశువైద్యుడు మూడుపన్యాసము లిచ్చెను. 43 మంది పిల్లలను ఆయన వర్ణించెను. వారిలో బుద్ధిమాంద్య మేమియు లేని 20 మందిలో 15 మంది బాలురు, అయిదుగురు బాలికలు. తెలివి యుండియు తమ్ము తాము అదుపులో నుంచుకొనలేని యీ స్థితికి శరీరకారణ ముండవచ్చునని ఆయన చెప్పుట గొప్ప మేలు. కాని దానికి నైతికనిగ్రహలోప మని పేరుపెట్టుటచేత పాతనింద క్రొత్త దుస్తులతో మరల ప్రవేశించెను.

తరువాత నొక మహావ్యాధి యీ యాలోచనను మలుపు త్రిప్పెను. 1917 మొదలు సుమారు పదేండ్లకాలము నిద్రారోగమను మెదడువాపు లోకమున వ్యాపించెను. దానినుండి బ్రతికి బయటపడిన పిల్లలు పెక్కండ్రు, అంతకుముందు నెమ్మదిగలవారయ్యును, నిలుకడలేనివారుగను తొందరపాటువారుగను మాఱిరి. నడతకు మెదడే కారణమగుట తల్లిదండ్రుల కన్నులయెదుట కనబడెను. అమెరికాలో బ్రాడ్లీ యను ధనికుని కూతురు ఎమ్మా యేడేండ్ల వయస్సున మెదడువాపుచేత వికలాంగ యయ్యెను. ఆమె పేరిట తండ్రి విడిచిన యాస్తితో రోడ్ ఐలండున 1931లో పిల్లల కొఱకు మానసిక వైద్యాలయము తెఱవబడెను. అచ్చట 1937లో చార్లెస్ బ్రాడ్లీ అను వైద్యుడు 30 మంది పిల్లలకు బెంజిడ్రిన్ అను మందిచ్చి చూచెను. వారిలో 14 గురు చదువునందు ఆశ్చర్యకరమైన అభివృద్ధిని కనబఱచిరి. పిల్లలే దానిని లెక్కల బిళ్ల యనిరట! 1944లో స్విట్జర్లండున రసాయనశాస్త్రజ్ఞుడగు పానిజోన్ మఱియొక మందును తయారుచేసెను. భార్య మార్గరీటు ముద్దుపేరు రీటా యగుటచే అది రిటలిన్ అను పేర 1954లో బజారునకు వచ్చెను.

వ్యాధి పేరును పలుమాఱులు మాఱెను. అమెరికా మానసికవైద్యుల గ్రంథమున 1968లో దీనిని బాల్యపు అతిచలనమనిరి. 1980లో అవధానలోపమునే ముఖ్యలక్షణముగా గ్రహించిరి. 1987లో రెండు లక్షణములను ఒక్క పేరున చేర్చిరి. ఈ మార్పులో మన యింటి యాడుపిల్లలకు సంబంధించిన యంశ మొకటి కలదు. గంతులువేయు బాలుడు వెంటనే పంతులు కంట పడును. కిటికీవంక చూచుచు కలలుగను బాలిక ఎవ్వరికిని అడ్డముగాదు. ఆమె మందమతి యని యూరకుందురు. కావున బాలికల లోపము చిరకాలము లెక్కలోనికి రాలేదు. లోకమున నూటికి సుమారు అయిదుగురు పిల్లల కీ స్థితి యున్నదని 2007లో ప్రకటింపబడిన గణన తెలుపుచున్నది. ఇది చాలవఱకు వంశపారంపర్యమని కవలపిల్లల పరిశోధనలు తేల్చినవి. తల్లి గారాబముచేత బిడ్డ పాడయ్యెనని కోడలిని దెప్పు అత్తవారు ఈ సంగతిని గమనింతురుగాక.

ఇక రెండవ కథ. 1774లో జర్మనీలోని డెస్సౌ నగరమున బేసెడో స్థాపించిన పాఠశాలలో వ్యాయామము చదువునందు భాగముగా చేర్చబడెను. 1793లో గుట్స్‌మూత్స్ అను ఉపాధ్యాయుడు యువకుల వ్యాయామముపై గ్రంథము వ్రాసెను. 1811లో యాన్ అనునాతడు బెర్లినులో బహిరంగ వ్యాయామస్థలము తెఱచెను. నెపోలియను చేతిలో ఓడిన జాతిని బలపఱచుట ఆయన యుద్దేశము. 1813లో స్వీడనున లింగ్ వ్యాయామకళాశాల నెలకొల్పెను. మన రాజధానిలో 1920లో హ్యారీ బక్ అను అమెరికనుడు చెన్నపట్టణమున వై.యం.సి.ఏ. పక్షమున వ్యాయామకళాశాలను స్థాపించెను. అంతకుముందే వీరఘట్టమున జనించిన కోడి రామమూర్తి విజయనగరమున వ్యాయామోపాధ్యాయుడై, పిమ్మట సర్కసుతో దేశమంతట కీర్తి గడించియుండెను.

ఇంత జరిగినను ఈ రెండు కథలును చాలకాలము కలిసికొనలేదు. వ్యాయామమును సైన్యముకొఱకును, క్రమశిక్షణకొఱకును కోరిరి. అల్లరి బాలుని మనస్సుకొఱకు కోరినవా రరుదు. మన పాఠశాలలలో డ్రిల్లు మాష్టరు చేత ఈల యెంతగా నుండెనో బెత్తమును అంతగానే యుండెను.

కదలిక లేమియే రోగకారణ మగునని చూపిన కీర్తి లండనులోని జెర్రీ మోరిస్ అను వైద్యునిది. 1953లో ఆయన రెండంతస్తుల బస్సులలో పనిచేయువారిని పోల్చి చూచెను. దినమంతయు కూర్చుండి బండి నడపు డ్రైవరులకంటె, మెట్లెక్కి దిగుచు టిక్కెట్లిచ్చు కండక్టరులకు గుండెజబ్బు తక్కువ. నేడు ప్రపంచారోగ్యసంస్థ 5 మొదలు 17 ఏండ్ల వయస్సువారికి దినమునకు సగటున 60 నిమిషముల చుఱుకైన కదలిక కావలెనని చెప్పుచున్నది. 2016 నాటి 146 దేశముల లెక్కలలో, 11 మొదలు 17 ఏండ్లవారిలో నూటికి 81 మందికి అంతమాత్రపు కదలికయు లేదు. బాలురలో 78, బాలికలలో 85.

తుదకు రెండు కథలును ఒక్కచోట కలిసినవి. 2013లో అమెరికాలో ప్రకటింపబడిన పరిశోధనలో అవధానలోపముగల 20 మంది పిల్లలను, లేని 20 మందిని తీసికొనిరి. ఒకనాడు 20 నిమిషములు యంత్రముపై నడిపించిరి. మఱియొకనాడు అంతసేపు కూర్చుండి చదివించిరి. నడిచిన పిమ్మట ఉభయులును అవధానపరీక్షలోను, చదువుటలోను, లెక్కలలోను మెఱుగుగా నుండిరి. 2014లో 221 మంది పిల్లలపై తొమ్మిదినెలలు జరిగిన మఱియొక పరిశోధన, బడి విడిచినపిమ్మట నిత్యము ఆడించుటచేత మనోనిగ్రహము వృద్ధియగునని తేల్చెను.

ఇచ్చట మేము తొందరపడి యొక మాట చెప్పరాదు. ఆట యాడించినంతనే యీ స్థితి తొలగిపోదు. 1999లో 579 మంది పిల్లలపై 14 నెలలు నడచిన గొప్ప పరిశోధనలో జాగ్రత్తగా నిచ్చిన మందు ముఖ్యలక్షణముల నడచుటలో సమర్థమని తేలినది. వైద్యుడు మందు కావలెనన్నచో సిగ్గుపడి మానుట తగదు. వైద్యుని యడుగక "ఆటలే చాలు" ననుటయు తగదు. మా మనవి యేమనగా, మందుగలవానికిని మందులేనివానికిని ఆటస్థలము కావలెను.

2009వ సంవత్సరపు విద్యాహక్కు చట్టము బడిలో పిల్లలను కొట్టుటను, మనసు నొప్పించుటను నిషేధించినది; ప్రతిబడికి ఆటస్థల ముండవలెనని విధించినది. చట్టము కాగితముపై నున్నది. కాని ఆటల గంటను లెక్కల పంతులు తీసికొనుట ఏ యూరిలో లేదు? మేడపై మేడగా కట్టిన యెన్నో బడులలో పిల్లవాడు పరుగెత్తు చోటెక్కడ? రజస్వలయైన బాలికను నేటికిని వీధిలో ఆడనీయని యిండ్లు లేవా? అన్నిటికంటె శోచనీయమైనది, అల్లరిచేసిన పిల్లవానికి శిక్షగా ఆటమాన్పించుట. ఎవనికి కదలిక యెక్కువ యవసరమో వానినుండియే దానిని లాగుకొనుచున్నాము.

రెండు వందల యేండ్లక్రింద బళ్లారి సీమ పంతులు కుదురులేని బాలునిచేత గుంజిళ్లు తీయించెను. కదలిక మంచిదే, దానికి కట్టిన అవమానమే చెడ్డది. ఆ రెంటిని విడదీయుట మన చేతనైన పని. సాయంకాలమున ఒక గంట పుస్తకము మూసి, ఫోను ప్రక్కనుంచి, కొడుకును కూతురును సమానముగా బయటికి పంపుడు. బడికి పోయినపుడు మార్కుల జాబితాతోపాటు ఆటస్థలమునుగూర్చియు అడుగుడు. కాలు నిలువని బిడ్డ మీ యింట నున్నయెడల, వానిని తిట్టుటకు ముందొకసారి వైద్యుని యడుగుడు. వానితో కలిసి నాలుగడుగులు నడువుడు.