భారత క్రైస్తవ విడాకుల చట్టం: కారణాల చరిత్ర

క్రైస్తవ వివాహాన్ని న్యాయస్థానం ఏ కారణాలపై రద్దు చేయవచ్చునో భారతదేశంలో 1869 నాటి విడాకుల చట్టం నిర్ణయిస్తుంది. దంపతులలో ఒకరైనా క్రైస్తవ మతస్థులైతే ఈ చట్టం కింద పిటిషన్ వేయవచ్చు.

మధ్యయుగపు పాశ్చాత్య చర్చి వివాహాన్ని మరణం వరకు తెగని దివ్యసంస్కారంగా భావించి, దంపతులు విడిగా బ్రతకడానికి మాత్రమే అనుమతించింది గాని పునర్వివాహానికి దారి ఇవ్వలేదు. ఇంగ్లండులో 1857 వరకు పూర్తి విడాకులు కావాలంటే పార్లమెంటు చేత ప్రత్యేక చట్టం చేయించుకోవలసి ఉండేది కనుక, అది సంపన్నులకే సాధ్యమయ్యేది. ఆ ఏటి చట్టం వివాహ వ్యాజ్యాలను మత న్యాయస్థానాల నుంచి తప్పించి సివిల్ కోర్టుకు అప్పగించింది.

భారతదేశంలో ఈ సమస్య మొదట మతాంతరీకరణ రూపంలో ఎదురైంది. క్రైస్తవం స్వీకరించిన కారణంగా జీవిత భాగస్వామి వదలివేసిన వ్యక్తి, నిర్ణీత గడువుల తరువాత పూర్వ వివాహాన్ని రద్దు చేయించుకొనే వీలును 1866 నాటి చట్టం కల్పించింది. మూడేళ్లకు, 1869 ఏప్రిల్ 1న, ఇంగ్లండు నమూనాపై రూపొందిన భారత విడాకుల చట్టం అమలులోకి వచ్చింది.

ఈ చట్టపు 10వ సెక్షన్ భార్యాభర్తలను సమానంగా చూడలేదు. భార్య వ్యభిచరించిందని నిరూపిస్తే భర్తకు విడాకులు లభించేవి. భార్యకు మాత్రం భర్త వ్యభిచారం ఒక్కటే చాలేది కాదు. దానికి తోడు క్రూరత్వాన్నో, సరైన కారణం లేకుండా రెండేళ్లు వదలివేయడాన్నో, ద్విభార్యాత్వాన్నో కూడా ఆమె నిరూపించవలసి వచ్చేది. ఆ సంబంధం వివాహం నిషిద్ధమైన దగ్గరి బంధువుతో అయినా, భర్త మతం మార్చుకొని మరొక స్త్రీని పెళ్లాడినా, అత్యాచారం వంటి నేరం చేసినా ఆమెకు దారి ఉండేది. ఎంతటి హింస అయినా, వ్యభిచారం తోడు కానంతవరకు, చట్టబద్ధంగా వేరుగా ఉండే హక్కునే తప్ప విడాకులను ఇచ్చేది కాదు. భార్యతో సంబంధం పెట్టుకున్న పురుషుని నుంచి భర్త నష్టపరిహారం కోరగలిగేవాడు. భార్యకు అటువంటి హక్కు ఉండేది కాదు. పైగా జిల్లా న్యాయమూర్తి ఇచ్చిన డిక్రీని హైకోర్టు ధ్రువీకరిస్తే తప్ప అది చెల్లేది కాదు.

ఇంగ్లండు 1923లోనే భార్యాభర్తలకు వ్యభిచార కారణాన్ని సమానం చేసి, 1937లో క్రూరత్వాన్ని, పరిత్యాగాన్ని స్వతంత్ర కారణాలుగా గుర్తించినా, ఇక్కడి సెక్షన్ కదలలేదు. లా కమిషన్ 1960, 1961 నివేదికలలో క్రైస్తవ వివాహ చట్టాల సంస్కరణను ప్రతిపాదించి, 1983లో తన 90వ నివేదికను పూర్తిగా ఈ 10వ సెక్షన్‌కే కేటాయించింది. పరస్పర సమ్మతిపై విడాకులు కోరిన ఒక దంపతుల వ్యాజ్యంలో 1982లో సుప్రీంకోర్టు, చట్టంలో లేని కారణాన్ని చేర్చడం శాసనసభ పని అని చెప్పి నిరాకరించింది. సుప్రీంకోర్టు న్యాయమూర్తి జస్టిస్ ఓ. చిన్నప్ప రెడ్డి 1985లో మరొక క్రైస్తవ మహిళ వ్యాజ్యంలో వెలువరించిన గమనార్హమైన తీర్పు, వివిధ మతాల విడాకుల చట్టాల మధ్య వైరుధ్యాన్ని ఎత్తిచూపి సంస్కరణ అవసరాన్ని ప్రభుత్వానికి గుర్తు చేసింది. చివరకు కేరళ హైకోర్టు ఫుల్ బెంచి 1995లో, క్రూరత్వం గాని పరిత్యాగం గాని ఒక్కటే చాలునన్నట్లుగా సెక్షన్‌లోని వివక్షాపూరిత పదాలను కొట్టివేయగా, 1997లో బొంబాయి హైకోర్టు ఫుల్ బెంచి అదే బాట పట్టింది.

పార్లమెంటు 2001లో చేసిన సవరణతో, 132 ఏళ్ల అసమానత తొలగిపోయింది. వ్యభిచారం, మత మార్పు, నయం కాని మతిభ్రమణ, అంటుకొనే సుఖవ్యాధి, ఏడేళ్లుగా ఆచూకీ లేకపోవడం, దాంపత్య సంయోగానికి నిరాకరణ, కాపురానికి రమ్మన్న కోర్టు ఆజ్ఞను పాటించకపోవడం, రెండేళ్ల పరిత్యాగం, క్రూరత్వం ఇద్దరికీ సమాన కారణాలయ్యాయి. కుష్ఠువ్యాధిని కూడా ఆ జాబితాలో చేర్చినా 2019లో తొలగించారు. నష్టపరిహారపు సెక్షన్, హైకోర్టు ధ్రువీకరణ నియమం రద్దయ్యాయి. 10ఏ సెక్షన్ ద్వారా పరస్పర సమ్మతి విడాకులు ప్రవేశించాయి. అందుకు హిందూ వివాహ చట్టం ఏడాది ఎడబాటుతో సరిపెట్టగా ఇక్కడ రెండేళ్లు విధించారు. కేరళ హైకోర్టు 2010లో దానిని ఏడాదికి తగ్గించి, 2022 డిసెంబరులో ఆ ఏడాది నిరీక్షణ కూడా రాజ్యాంగ విరుద్ధమని తీర్పు చెప్పింది.

కతోలిక చర్చి న్యాయపీఠం ఇచ్చే వివాహ శూన్యతా తీర్పు సివిల్ చట్టం దృష్టిలో వివాహాన్ని రద్దు చేయదు. అలాంటి తీర్పు పొందినవారు కూడా పునర్వివాహానికి ముందు సివిల్ కోర్టు డిక్రీ తీసుకోవలసిందే.