నవంబరు ఒకటో తారీఖు లైసెన్సు

జేన్ ఆస్టిన్ ‘ప్రైడ్ అండ్ ప్రెజుడిస్’ (1813) ను మన కాలేజీల్లో పెళ్లిళ్ల నవలగా చెబుతారు. నేనూ అలాగే చదివాను, చాలా ఏళ్లు అలాగే చెప్పాను. అందులో బింగ్లీ అనే యువకుడు నెదర్‌ఫీల్డ్ భవనాన్ని అద్దెకు తీసుకుని, సెప్టెంబరు 29న వచ్చే మైకేల్మస్ పండగలోగా దిగిపోతాడు. కౌజుపిట్టల వేట సెప్టెంబరు 1నే మొదలయిపోయింది. అక్టోబరు 1న ఫెజంట్ పక్షుల వేట మొదలవుతుంది. పెళ్లికొడుకు వేళకి వచ్చాడని బెన్నెట్ గారి భార్య సంబరపడింది గాని, అతను వేటవేళ చూసుకుని వచ్చాడని నా అనుమానం.

అయితే బింగ్లీకి వేటాడే హక్కు ఎక్కడిది? అతని ఆస్తి దాదాపు లక్ష పౌండ్లు; అదంతా వ్యాపారంలో వచ్చిన డబ్బు. సొంత ఎస్టేటు లేదు. 1671 నాటి చట్టం ప్రకారం పక్షిని కొట్టాలంటే భూమిమీద ఏటా 100 పౌండ్ల ఆదాయం ఉండాలి. తొంభైతొమ్మిదేళ్ల కౌలు అయితే 150. లేదా పెద్దింటి వారసుడై ఉండాలి. ఆ రోజుల్లో పార్లమెంటు సభ్యునికి ఓటు వేయడానికి జిల్లాలో 40 షిల్లింగుల భూమి ఆదాయం చాలు. అంటే, ఓటుకు కావలసినదానికి యాభై రెట్లు ఆస్తి ఒక కౌజుపిట్టకు కావాలి! విప్లవకారుడెవరూ కాదు, బ్లాక్‌స్టన్ అంతటి న్యాయశాస్త్రవేత్తే దీన్ని ఎత్తిపొడిచాడు. అందుకే ఆస్టిన్, భవనంతోపాటు ఆ మేనర్‌లో వేటాడే స్వేచ్ఛ కూడా బింగ్లీకి దక్కిందని ఒక చిన్న మాట వేసి ఊరుకుంది. మనం ఆ మాట దాటేసి ప్రేమలోకి పోతాం. వర్తకపు డబ్బు భూస్వామ్యపు తలుపు తట్టి, అద్దె కట్టి, లోపలికి వచ్చిన క్షణం అది.

1784 నుంచి ఈ అర్హతపైన ఒక పన్ను కూడా వచ్చి పడింది. వేటాడేవాడు ఏటా సర్టిఫికెట్టు కొనుక్కోవాలి. తీసుకున్నవారి పేర్లు పత్రికల్లో అచ్చయ్యేవి. 1831 చట్టం భూమి అర్హతను రద్దు చేసింది. డబ్బు కట్టిన ఎవరికైనా సర్టిఫికెట్టు. వేటపక్షుల అమ్మకం కూడా న్యాయబద్ధమయింది.

క్లాసులో నేను ఈ 1831ని ఘనంగా చెప్పాను. భూస్వామ్యం ఓడింది, బూర్జువా సమానత్వం గెలిచింది అన్నాను. వెనక బెంచీలోంచి ఒక కౌలురైతు కొడుకు లేచాడు. “మాస్టారూ, లైసెన్సు కొన్నాక వాడు ఎవరి పొలంలో కాలుస్తాడండీ?”

ఆ ప్రశ్న నన్ను మళ్లీ పుస్తకాల్లోకి తరిమింది. కాగితంమీద 1831 చట్టం వేట హక్కును సాగుచేసేవాడికే ఇచ్చింది, భూస్వామి దాన్ని తనకు అట్టిపెట్టుకోకపోతేనే. అట్టిపెట్టుకోని భూస్వామి ఎంతమంది? కౌలు పత్రంలో ఒక వాక్యం చాలు. కుందేళ్లు తన పైరు మేస్తుంటే కౌలుదారు చూస్తూ నిలబడ్డాడు. వాటిని కొట్టే హక్కు, ఏ పత్రమూ లాక్కోలేని హక్కుగా, 1880లో గాని అతనికి రాలేదు. అదయినా కుందేళ్లకూ చెవులపిల్లులకే, పక్షులు దొరవే.

1860 చట్టంలో లైసెన్సు ధరలు మరీ ముచ్చటగా ఉన్నాయి. సంవత్సరానికి 3 పౌండ్లు. అక్టోబరు 31తో సరిపెట్టుకుంటే 2 పౌండ్లు. సీజను మొదలయ్యాక తీరిగ్గా వచ్చి నవంబరు 1న గాని ఆ తర్వాత గాని కొనేవాడికీ 2 పౌండ్లే. గ్రౌస్ పక్షి సీజను డిసెంబరు 10తో ముగుస్తుంది కనుక అతనికి దానిమీద మిగిలింది నలభై రోజులు. కౌజుకూ ఫెజంటుకూ ఫిబ్రవరి 1 దాకా గడువుంది. 1883లో పద్నాలుగు రోజులకు ఒక పౌండు లైసెన్సు కూడా పెట్టారు. లండన్‌లో పనులు చక్కబెట్టుకుని ఆలస్యంగా వచ్చే పెద్దమనిషి సౌకర్యం ఖజానాకు ఎంత బాగా తెలుసో! కాలాన్ని కూడా ముక్కలుగా కోసి, తూచి, అమ్మింది.

వ్యవసాయ కూలీకి ఆనాడు వారానికి పదీ పన్నెండు షిల్లింగులు. 2 పౌండ్ల లైసెన్సే దాదాపు అతని నెల కష్టం. లైసెన్సు లేకుండా పట్టుబడితే జరిమానా 20 పౌండ్లు దాకా. పైగా నీ లైసెన్సు చూపించమని అడిగే అధికారం ఎక్సైజు ఉద్యోగికీ, వేటకాపరికీ, భూమి యజమానికేగాక, లైసెన్సున్న మరో వేటగాడికి కూడా ఉంది! రాత్రి వేటకు 1828 చట్టం వేరే ఉండనే ఉంది: మొదటిసారి మూడు నెలల జైలు, మూడోసారి ఏడేళ్ల ద్వీపాంతరవాసం దాకా. 1862 నుంచి పోలీసు రోడ్డుమీదే అనుమానితుడి సంచి వెదకవచ్చు. కూలీకి సీజను మొదలయిందో ముగిసిందో పట్టలేదు; ఇంట్లో కుండ ఖాళీగా ఉన్న రోజే అతని సీజను.

ఇంగ్లండు, వేల్సుల్లో ఆ లైసెన్సును 2007లో ఎత్తివేశారు. భూమి యజమాని అనుమతి అవసరం మాత్రం పోలేదు.

ఇదంతా మనకు దూరం కాదు. 1879లో మద్రాసు ప్రభుత్వం నీలగిరి జిల్లాలో వేటజంతువుల, చేపల రక్షణకు చట్టం చేసింది. అదే ఏడు గోదావరి మన్యంలో రంప ప్రజలు కల్లుపన్ను మీదా, పైవాళ్ల జులుం మీదా తిరగబడ్డారు. స్వతంత్ర భారతంలో 1972 వన్యప్రాణి చట్టం కూడా నాలుగు రకాల లైసెన్సులతోనే బయలుదేరింది. 1991 సవరణతో అవి పోయాయి. పోవడం మంచిదే, నాకు వేటమీద మోజు లేదు. కాని ఆ ఏళ్లలో నల్లమల చెంచు ఒకడు విల్లు భుజాన వేసుకుని లైసెన్సు ఆఫీసు మెట్లెక్కినట్టు ఒక్కసారి ఊహించి చూడండి.

ఆ విద్యార్థికి ఆనాడు నేను జవాబు చెప్పలేదు. పీరియడు అయిపోయిందన్నాను. ఇంకా పది నిమిషాలుంది.