అంచున రాసిన రెండు ముక్కలు: పీసీ ఆటల్లో ఓవర్‌లే కథ

పీసీ మీద ఆట మధ్యలో ఆగిపోయిందనుకోండి, తెర నల్లబడిందనుకోండి, బొమ్మ తడబడుతోందనుకోండి. తెలిసినవాడిని అడిగితే మొదట వచ్చే సలహా దాదాపు ఎప్పుడూ ఒకటే: "ఓవర్‌లే ఆపేసి చూడు." చాలాసార్లు అది పనిచేస్తుంది కూడా. ఆట ఆడుతుండగా షిఫ్ట్, ట్యాబ్ కలిపి నొక్కితే ఆట మసకబారి, దాని మీద మిత్రుల జాబితా, చాట్, బ్రౌజరు తెరుచుకుంటాయే, ఆ పొరనే ఓవర్‌లే అంటారు. ఇరవయ్యేళ్ళకు పైగా కోట్లమంది వాడుతున్న వస్తువు. అయినా ఏ గొడవ జరిగినా మొదటి ముద్దాయి అదే. ఇన్నేళ్ళుగా ఇంజనీర్లు సరిచేస్తూనే ఉన్నారు కదా, మరి ఇంకా ఎందుకిలా? దీనికి జవాబు సెట్టింగ్స్‌లో దొరకదు, అది పుట్టిన తీరులో వెతకాలి.

ఐసీక్యూ 1996 నవంబరులో వచ్చింది. అదే ఏడాది ఇంటర్నెట్ మీద క్వేక్ ఆడటం మొదలైంది, ఏ సర్వర్లో ఎవరున్నారో చూపించే క్యూస్పై అనే చిన్న ప్రోగ్రాము వచ్చింది. తరవాత గేమ్‌స్పైగా పెరిగింది అదే. అంటే మాట్లాడుకునే పరికరం ఉంది, ఆడుకునే చోటు ఉంది, చోటు వెతికిపెట్టే పరికరమూ ఉంది. లేనిదల్లా ఆ మూడింటి మధ్య తలుపు. అప్పటి విండోస్‌లో ఆట ఫుల్‌స్క్రీన్‌లో నడిస్తే తెర పూర్తిగా దానిదే, ఇంకెవరూ దాని మీద ఏమీ గీయకూడదు. మిత్రుడు పంపిన మెసేజి చూడాలంటే ఆల్ట్, ట్యాబ్ నొక్కి బయటికి రావాలి. అలా వస్తే గ్రాఫిక్స్ కార్డులో ఆట దాచుకున్న బొమ్మలన్నీ పోతాయి, తిరిగి లోపలికెళ్తే అన్నీ మళ్ళీ ఎక్కించుకోవాలి. శ్రద్ధగా రాసిన ఆటలు ఆ పని చేసుకునేవి. మిగతావి అక్కడే కూలిపోయేవి. ఈలోగా క్వేక్‌లో మీ ప్రాణం ఎలాగూ పోయుంటుంది.

(మన ఊళ్ళలో నెట్ కెఫేల్లో కౌంటర్-స్ట్రైక్ ఆడినవాళ్ళకి ఈ బాధ తెలియదు. జట్టంతా పక్క కుర్చీల్లోనే ఉండేది. "వెనక చూడరా" అని అరిస్తే చాలు.)

తలుపు తెరిచినవాడు ఇంజనీరు కాదు, ఆటగాడు. డెనిస్ ఫాంగ్, ఆటల్లో పేరు థ్రెష్. 1997లో జరిగిన క్వేక్ పోటీలో గెలిచి, ఆ ఆట రాసిన జాన్ కార్మాక్ సొంత ఫెరారీ 328ని బహుమతిగా ఇంటికి తీసుకెళ్ళినవాడు. అతను తోటివాళ్ళతో కలిసి పెట్టిన కంపెనీ 2004 జనవరిలో ఎక్స్‌ఫైర్ని విడుదల చేసింది. మీ మిత్రుడు ఇప్పుడు ఏ ఆటలో, ఏ సర్వర్లో ఉన్నాడో అది చూపించేది, ఒక్క నొక్కుతో మీరూ అక్కడికే చేరిపోవచ్చు. ఏ ఆట ఎన్ని గంటలు ఆడారో లెక్క రాసేది. అన్నిటికంటే ముఖ్యం, స్క్రోల్‌లాక్ పట్టుకుని ఎక్స్ నొక్కితే ఆట లోపలే చాట్ తెరుచుకునేది. ఆ స్క్రోల్‌లాక్ కీకి అంతకుముందు గానీ ఆ తరవాత గానీ అంత గౌరవం దక్కిన గుర్తు నాకు లేదు.

మరి ఎవరూ గీయకూడని తెర మీద ఎక్స్‌ఫైర్ ఎలా గీసింది? పూర్వం నాన్న ఇన్‌లాండ్ లెటరు రాసి మడవబోతుంటే, అమ్మ అందుకుని అంచున మిగిలిన ఖాళీలో తన రెండు ముక్కలు రాసేది, గుర్తుందా? ఓవర్‌లే చేసేది సరిగ్గా అదే. ఆట సెకనుకి ముప్పైసార్లో అరవైసార్లో ఒక బొమ్మ తయారుచేసి "ఇదిగో, చూపించు" అని డైరెక్ట్‌త్రీడీ లాంటి గ్రాఫిక్స్ లైబ్రరీకి అప్పగిస్తుంది. ఆ అప్పగించే ఫంక్షన్ పేరు ప్రెజెంట్. ఓవర్‌లే తన డీఎల్ఎల్ ఫైలుని ఆట మెమరీలోకి ఎక్కించి, ఆ ఫంక్షన్ మొదట్లో ఉన్న కొన్ని బైట్లు చెరిపేసి, ముందు తన దగ్గరికి రమ్మని దారి మళ్ళిస్తుంది. వచ్చిన బొమ్మ మీద తన చాట్ గీసి, ఏమీ ఎరగనట్టు అసలు ఫంక్షన్‌కి పంపేస్తుంది. ఆటకి ఈ సంగతి తెలియదు. దాన్ని ఎవరూ అడగలేదు కూడా. దీన్నే హుక్ వెయ్యడం అంటారు.

ఇక తెగుళ్ళన్నీ ఇక్కణ్ణించే. అమ్మ రాశాక పెన్ను ఎక్కడ ఉండేదో అక్కడే పెట్టాలి. ఓవర్‌లే తను మార్చిన రంగుల అమరికలు, పారదర్శకత అమరికలు యథాతథంగా వెనక్కి పెట్టకపోతే ఆట బొమ్మలు వికారంగా మారతాయి. మీరు తెర సైజు మారుస్తారు, ఆట పాత తెరని వదిలేసి కొత్తది అడుగుతుంది. డైరెక్ట్‌త్రీడీ 9లో అలా అడిగే ముందు పాత తెరకి సంబంధించినవన్నీ వదిలెయ్యాలి. ఓవర్‌లే తన ముక్క ఒక్కటి పట్టుకుని కూర్చున్నా అభ్యర్థన విఫలమై ఆట కూలుతుంది, నింద ఆట రాసినవాడి మీద పడుతుంది. కీబోర్డు సంగతీ అంతే. చాట్‌లో డబ్ల్యూ అనే అక్షరం కొడితే అది ఆటకి చేరకుండా ఆపాలి, లేకపోతే మీరు మాట పూర్తిచేసేలోపు మీ సైనికుడు నడుచుకుంటూ వెళ్ళి కొండ మీంచి పడతాడు.

ఇంతకంటే పెద్ద ఇబ్బంది ఇంకోటుంది. గోడల వెనక దాక్కున్న శత్రువుని చూపించే మోసపు ప్రోగ్రాములు కూడా సరిగ్గా ఈ పద్ధతిలోనే పనిచేస్తాయి. డీఎల్ఎల్ ఎక్కించడం, హుక్ వెయ్యడం, గీయడం. పంక్‌బస్టర్ లాంటి కాపలాదారు ప్రోగ్రాములకి రెండూ ఒకేలా కనిపిస్తాయి. ఇది స్నేహితుడు, అది దొంగ అని చెప్పడానికి పనితీరులో తేడా ఏమీ లేదు, పేరులో ఉంది. కాబట్టి ఏ ఓవర్‌లేని వదిలిపెట్టాలో ముందే జాబితా రాసుకోవాలి. ఓవర్‌లేకి కొత్త వెర్షన్ వస్తే ఆ జాబితా మళ్ళీ దిద్దుకోవాలి.

ఎక్స్‌ఫైర్ కథ తొందరగా చెప్పేస్తాను. 2005 మొదట్లో యాహూ పేటెంటు దావా వేసింది, మరుసటి ఏడాది రాజీ అయింది. 2006 ఏప్రిల్‌లో వయాకామ్ 10.2 కోట్ల డాలర్లకి కొనుక్కుంది. వాల్వ్ కంపెనీ స్టీమ్ 2003లోనే వచ్చినా, అందులో మిత్రుల జాబితా మొదటి ఏళ్ళలో సరిగా పనిచేసేది కాదు. ఆ లోటులోనే ఎక్స్‌ఫైర్ బతికింది. 2007లో స్టీమ్ కమ్యూనిటీ వచ్చి, షిఫ్ట్-ట్యాబ్ వచ్చి, ఆ లోటు తీరిపోయింది. ఆట అమ్మే దుకాణమే కబుర్లకీ చోటిస్తే విడిగా కబుర్ల ప్రోగ్రాము ఎవరు పెట్టుకుంటారు? 2010లో వయాకామ్ దాన్ని వదిలించుకుంది. 2015 జూన్‌లో ఎక్స్‌ఫైర్ సామాజిక సేవలు ఆగిపోయాయి. సభ్యులు తమ స్క్రీన్‌షాట్లు, వీడియోలు దింపుకోవడానికి ఇచ్చిన గడువుని రోజుల్లో లెక్కపెట్టొచ్చు. పదకొండేళ్ళ గంటల లెక్కలు, అసలు పేర్లు ఎన్నడూ అడగని మిత్రుల పేర్లు పోయాయి. మరో ఖండంలో ఉన్నవాడిని వాడి ఆట పేరుతో మాత్రమే ఎరిగినవాళ్ళకి ఆ జాబితా తప్ప వేరే చిరునామా లేదు. ఆటలు మాత్రం ఒక్కటీ చెడలేదు. అడక్కుండా ఇంట్లోకి వచ్చినవాడు పోతే ఇంటికి ఏమీ కాలేదు.

అడిగి వచ్చినవాడి సంగతి చూద్దాం. మైక్రోసాఫ్ట్‌ది విండోస్. దానికి దొడ్డిదారి అక్కర్లేదు. 2007లో గేమ్స్ ఫర్ విండోస్ లైవ్ పేరుతో ఎక్స్‌బాక్స్ గైడ్‌ని పీసీకి తెచ్చింది. హోమ్ కీ నొక్కితే తెరుచుకునేది. హుక్కులు లేవు, దొంగతనం లేదు. ఆట రాసేవాళ్ళే ఎక్స్‌లైవ్ డీఎల్ఎల్‌ని ఆటలో భాగంగా కలిపి రాయాలి. శాస్త్రీయంగా చూస్తే ఇదే సరైన పద్ధతి. మొదట్లో అన్ని సౌకర్యాలూ కావాలంటే ఏడాదికి 50 డాలర్లు అడిగారు. పీసీ ఆటగాళ్ళు అంతవరకూ ఉచితంగా చేసుకుంటున్న పనికి డబ్బేమిటని కోప్పడితే 2008 జులైలో ఎత్తేశారు. అయినా అసలు బాధ డబ్బు కాదు. చాలా ఆటల్లో ఆ పొరలో లాగిన్ అయితే తప్ప ఆడిన ఆటని సేవ్ చేసుకోలేరు. అంటే మిత్రుల జాబితా పైపొరగా మిగల్లేదు, ఇంటికి స్తంభమైంది. 2013 ఆగస్టులో మైక్రోసాఫ్ట్ దాని దుకాణం మూసేసింది. స్తంభం పుచ్చడం మొదలైంది. విండోస్ 10లో ఫాల్‌అవుట్ 3 తెరిస్తే ఎక్స్‌లైవ్‌లో 43వ ఆర్డినల్ దొరకలేదని ఒక పెట్టె వచ్చి ఆగిపోయేది. ఆడేవాళ్ళే ఒక ఉత్తుత్తి ఎక్స్‌లైవ్ ఫైలు తయారుచేసి, దాన్ని అసలు ఫైలు ఉండే చోట పెట్టి జీటీఏ 4 ఆడుకున్నారు. డార్క్ సోల్స్‌ని 2014 డిసెంబరులో స్టీమ్‌కి మార్చారు. ఫాల్‌అవుట్ 3కి ఆ విముక్తి 2021 అక్టోబరుదాకా రాలేదు. డబ్బిచ్చి కొనుక్కున్న ఆట, ఒంటరిగా ఆడుకునే ఆట, మిత్రుల జాబితా పనిచెయ్యదు కాబట్టి తెరుచుకోనంది. పీసీ ఆటల చరిత్రలో ఇంతకంటే వింత తర్కం నాకు కనబడలేదు.

ఈలోగా ప్రతి దుకాణానికీ తన తలుపు కావలసి వచ్చింది. ఆరిజిన్‌కి షిఫ్ట్-ఎఫ్1, యూప్లేకి షిఫ్ట్-ఎఫ్2, ఎన్‌విడియాకి ఆల్ట్-జెడ్, విండోస్‌కి విండోస్-జి, 2015లో వచ్చిన డిస్కార్డ్‌కి షిఫ్ట్‌తో మరో కీ. యూబీసాఫ్ట్ ఆటని స్టీమ్‌లో కొంటే రెండు ఓవర్‌లేలు ఒకేసారి ఎక్కుతాయి. ఒకే ఉత్తరం అంచున ఇద్దరు రాస్తుంటే ఎవరి చేతికి ఎవరి తరవాత అందుతుందో తేలాలి కదా. ఒకరు వేసిన హుక్ మీద ఇంకొకరు హుక్ వేస్తారు, మొదటివాడు లేచి వెళ్ళిపోతే రెండోవాడి దారి ఎక్కడికీ చేరదు. స్నేహం కోసమే అందరూ ఇంత తాపత్రయపడ్డారనుకుంటే అమాయకత్వమే. స్టీమ్ ఆటల్లో ఆట లోపలి వస్తువులు కొనేటప్పుడు "చెల్లిస్తావా?" అని అడిగే పెట్టె వచ్చేది ఓవర్‌లేలోనే. ఓవర్‌లే పనిచెయ్యకపోతే కొనుగోలు లేదు.

తెలుగు చదివేవాళ్ళకి ఇందులో చిన్న సంగతి ఒకటుంది. ఆట బొమ్మ మీద గీసేవాడు అక్షరాలు కూడా తనే గీసుకోవాలి. ఇంగ్లీషుకి అక్షరానికో చిన్న బొమ్మ పెట్టుకుని వరసగా అతికిస్తే సరిపోతుంది. తెలుగుకి సరిపోదు. "స్నేహం" అన్న మాటలో ఆరు కోడ్లున్నాయి, వాటిని ఉన్నవున్నట్టు పక్కపక్కన అతికిస్తే ఒత్తు ఊడి, ఏత్వం విరిగి, మాట మాటలా ఉండదు. వాటిని కలిపి రూపుకట్టే ఇంజన్ కావాలి. ఓవర్‌లేలు బ్రౌజరు ఇంజన్‌ని తమలో కలుపుకున్నాక ఆ ఇబ్బంది చాలావరకు తీరింది. అప్పటికే మనవాళ్ళు "ఎక్కడున్నావురా"ని ఇంగ్లీషు అక్షరాల్లో కొట్టడానికి అలవాటుపడిపోయారు, అది వేరే వ్యాసం.

దొడ్డిదారి ఇప్పుడు మెల్లగా మూసుకుపోతోంది. 2016లో వచ్చిన వల్కన్ ఓవర్‌లేల కోసం లేయర్లనే అధికారిక ద్వారం పెట్టింది. స్టీమ్ అందులోంచే వస్తుంది. 2020 జులైలో వాల్వ్ తన కౌంటర్-స్ట్రైక్‌లో ట్రస్టెడ్ మోడ్ తెచ్చి, ముద్రలేని బయటి డీఎల్ఎల్‌లని లోపలికి రానివ్వడం మానేసింది. హుక్కులతో ఎదిగిన కంపెనీయే హుక్కులకి తలుపేసిందన్నమాట. ఇంకోవైపు విండోస్ 10 నుంచి చాలా ఆటలు ఫుల్‌స్క్రీన్ అని చెప్పుకున్నా నిజానికి అంచుల్లేని విండోలే. వాటి మీద ఇంకో విండో మామూలుగానే తేలుతుంది. 2025 మార్చిలో డిస్కార్డ్ కొత్త ఓవర్‌లే తెచ్చింది. అది ఆట లోపలికి వెళ్ళదు, పైన విడి విండోగా నిలబడుతుంది.

కాబట్టి ఈరోజు షిఫ్ట్-ట్యాబ్ నొక్కి ఏమీ రాకపోతే ఊరికే అన్నీ తీసేసి మళ్ళీ ఎక్కించుకోకండి. ముందు ఆట అడ్మినిస్ట్రేటరుగా నడుస్తోందేమో చూడండి. అలా నడిచే ప్రోగ్రాములోకి మామూలు హక్కులున్న స్టీమ్ వెళ్ళలేదు, విండోస్ పోనివ్వదు. రెండో ఓవర్‌లే ఏదైనా ఉంటే ఆపండి. అప్పటికీ రాకపోతే ఆట సెట్టింగ్స్‌లో స్టీమ్ ఓవర్‌లే టిక్ ఉందో లేదో చూసుకోండి. ఆటలో డిస్కార్డ్ కనబడకపోతే ఫుల్‌స్క్రీన్ వదిలి బోర్డర్‌లెస్‌కి మార్చండి. ఇంటివాడు తలుపు గడియ పెట్టుకున్నాడా, ఇద్దరు అతిథులు గుమ్మంలో తోసుకుంటున్నారా అన్నదే ఇప్పటికీ తేల్చుకోవలసింది.