హైకోర్టు, ఉస్మానియా దవాఖాన, కాచిగూడ స్టేషన్: వీటి వెనుక ఉన్న విన్సెంట్ ఎష్ ఎవరు?

సికింద్రాబాద్: సికింద్రాబాద్‌లో రైలెక్కి కాచిగూడలో దిగినవాళ్లు, అఫ్జల్‌గంజ్ ఉస్మానియా దవాఖానలో ఓపీ చీటీ కోసం లైన్లో నిలబడినవాళ్లు, హైకోర్టు చుట్టూ తిరిగినవాళ్లు, సిటీ కాలేజీలో చదివినవాళ్లు... జంట నగరాల ముస్లిం కుటుంబాల్లో ఈ నాలుగు భవనాల్లో ఒక్కదానితోనైనా పని పడని ఇల్లు అరుదు. ఇవి ఎవరు కట్టించారు అని అడిగితే ‘నిజాం’ అని పిల్లలు కూడా చెప్తారు. అది నిజమే. కట్టించింది ఏడో నిజాం మీర్ ఉస్మాన్ అలీ ఖాన్ సర్కార్. కానీ ఈ నాలుగు భవనాల డిజైన్‌తో ముడిపడిన పేరు ఒకటుంది. అది లండన్‌లో పుట్టిన విన్సెంట్ జెరోమ్ ఎష్.

ఆ పేరు ఇప్పుడు తెలుసుకోవడానికి కారణం ఉంది. ఈ నాలుగింటిలో రెండు భవనాలు తాము కట్టిన పనికి దూరమవుతున్నాయి.

రైల్వే ఉద్యోగంతో మొదలు

ఎష్ 1876లో లండన్‌లోని బ్లాక్‌హీత్‌లో పుట్టారు. 19వ శతాబ్దం చివర్లో ఇండియాకు వచ్చి బెంగాల్ నాగ్‌పూర్ రైల్వేలో అసిస్టెంట్ ఇంజినీర్‌గా చేరారు. కలకత్తా గార్డెన్ రీచ్‌లో ఆ రైల్వే ఆఫీసు భవనం ఆయన డిజైన్ చేసిందే.

ఆయన కెరీర్‌ను మలుపు తిప్పింది 1903 ఢిల్లీ దర్బార్. దర్బార్ ఎగ్జిబిషన్ కోసం ఒక తాత్కాలిక భవనాన్ని ఆయన డిజైన్ చేశారు. వైస్రాయ్ లార్డ్ కర్జన్‌కు ఆ పని నచ్చింది. అప్పటికే కలకత్తాలో విక్టోరియా మెమోరియల్ కట్టాలన్న ఆలోచన నడుస్తోంది. దాని ఆర్కిటెక్ట్ సర్ విలియం ఎమర్సన్. ఆయన ఇంగ్లండ్‌లో ఉంటే, కలకత్తాలో దగ్గరుండి పని చూసే మనిషి కావాలి. ఆ బాధ్యత ఎష్‌కు దక్కింది. 1906లో పునాది పడిన ఆ మెమోరియల్ 1921లో ప్రారంభమైంది. ఆ మరుసటి ఏడాది బ్రిటిష్ ప్రభుత్వం ఎష్‌కు ‘సీవీఓ’ బిరుదు ఇచ్చింది.

మూసీ వరద తర్వాత హైదరాబాద్

1908 సెప్టెంబర్ 28న మూసీ పొంగింది. వేల మంది చనిపోయారు. అఫ్జల్‌గంజ్‌లో అప్పుడున్న దవాఖాన కొట్టుకుపోయింది. ఆ ఆవరణలోని చింతచెట్టు ఎక్కి దాదాపు 150 మంది ప్రాణాలు దక్కించుకున్నారని చెప్తారు. ఆ చెట్టు ఇప్పటికీ దవాఖాన ఆవరణలోనే ఉంది.

వరద తర్వాత ఆరో నిజాం మీర్ మహబూబ్ అలీ ఖాన్ సర్కార్ ఇంజినీర్ మోక్షగుండం విశ్వేశ్వరయ్యను పిలిపించింది. ఆయన సలహాతోనే తర్వాత ఉస్మాన్ సాగర్, హిమాయత్ సాగర్ వచ్చాయి. 1911లో ఉస్మాన్ అలీ ఖాన్ గద్దెనెక్కారు. 1912లో సిటీ ఇంప్రూవ్‌మెంట్ బోర్డు ఏర్పడింది. వరదకు దెబ్బతిన్న నది ఒడ్డును శుభ్రం చేసి, అక్కడ పెద్ద ప్రజాభవనాలు కట్టాలన్నది ప్లాన్. ఆ పని మీదే 1914లో ఎష్ నిజాం సర్కార్ కొలువులోకి వచ్చారు. సుమారు ఏడేళ్లు ఇక్కడ పనిచేశారు.

నాలుగు భవనాలు

మొదటిది కాచిగూడ స్టేషన్. 1916లో నిజాం రైల్వే కోసం పూర్తయింది. మధ్యలో పెద్ద గుంబద్, రెండు పక్కలా మినార్లతో చిన్న గుంబదులు. చూడడానికి మహల్‌లా ఉన్నా, అప్పటికి కొత్తగా వస్తున్న రీఇన్‌ఫోర్స్‌డ్ కాంక్రీట్‌ను ఇందులో వాడారు. అంటే రూపం పాతది, పనితనం కొత్తది.

రెండోది హైకోర్టు. మూసీ దక్షిణ ఒడ్డున 1915 ఏప్రిల్‌లో పని మొదలై 1919 మార్చిలో పూర్తయింది. 1920 ఏప్రిల్ 20న నిజాం ప్రారంభించారు. గులాబీ గ్రానైట్, ఎర్ర ఇసుకరాయి, పెద్ద కమాన్ ద్వారం, పైన గుంబదులు. ఈ భవనం వెండి నమూనాను సిల్వర్ జూబ్లీ సందర్భంగా నిజాంకు బహూకరించారు. అది పురానీ హవేలీలోని నిజాం మ్యూజియంలో ఉంది.

మూడోది హైకోర్టు పక్కనే ఉన్న సిటీ హైస్కూల్. తర్వాత అదే సిటీ కాలేజీ అయింది. కవి మఖ్దూం మొహియుద్దీన్ లెక్చరర్‌గా పనిచేసింది ఇక్కడే.

నాలుగోది ఉస్మానియా దవాఖాన. నది ఉత్తర ఒడ్డున, హైకోర్టుకు దాదాపు ఎదురుగా ఉంటుంది. 1920ల మధ్యలో పూర్తయింది. ఇటు దవాఖాన, అటు కోర్టు, పక్కన స్కూల్. వరద ఊడ్చేసిన చోటే వైద్యం, న్యాయం, చదువు.

అది ఏ స్టైల్?

పుస్తకాల్లో దీన్ని ‘ఇండో సారసెనిక్’ అంటారు. లోపలి ఏర్పాటు యూరప్ పద్ధతిలో, బయటి రూపం మొఘల్, సుల్తానుల కాలపు కట్టడాల పద్ధతిలో ఉంటుంది. మద్రాసులో యూనివర్సిటీ సెనేట్ హౌస్ కట్టిన రాబర్ట్ చిషోమ్, మద్రాస్ హైకోర్టు కట్టిన హెన్రీ ఇర్విన్ అదే దారిలో నడిచారు. అక్కడ బ్రిటిష్ ప్రభుత్వం తన కోసం కట్టించుకుంది. ఇక్కడ తేడా ఏమిటంటే కట్టించింది ముస్లిం పాలకుడు. చార్మినార్, కుతుబ్‌షాహీ సమాధులు ఉన్న ఊళ్లోనే గుంబద్ కట్టాలి. కాబట్టి గుంబద్, కమాన్ ఇక్కడ అరువు తెచ్చిన అలంకారం కాదు, ఊరి సొంత భాష. ఆ భాషను ఎష్ ఇక్కడికొచ్చి నేర్చుకున్నారు.

పేరు ఒక్కరిది కాదు

అయితే మొత్తం ఘనత ఎష్‌కే రాసేయడం కూడా సరికాదు. హైకోర్టు చరిత్రలో మరో రెండు పేర్లు కనిపిస్తాయి. ప్లాన్ గీసినవారిగా జైపూర్‌కు చెందిన శంకర్ లాల్, దగ్గరుండి కట్టించిన స్థానిక ఇంజినీర్‌గా మెహర్ అలీ ఫాజిల్. రాయి చెక్కినవాళ్లు, సున్నం కలిపినవాళ్ల పేర్లయితే ఎక్కడా లేవు.

ఉస్మానియా యూనివర్సిటీ నాటికి పద్ధతి కొంచెం మారింది. నిజాం సర్కార్ సయ్యద్ అలీ రజా, నవాబ్ జైన్ యార్ జంగ్‌లను ఇంగ్లండ్, అమెరికా సహా పలు దేశాల యూనివర్సిటీలు చూసి రమ్మని పంపింది. 1939లో ప్రారంభమైన ఆర్ట్స్ కాలేజీకి బెల్జియం ఆర్కిటెక్ట్ ఎర్నెస్ట్ జాస్పర్‌తో పాటు జైన్ యార్ జంగ్ పేరు కూడా చెప్తారు.

ముందు ఒకరు, తర్వాత ఒకరు

హైదరాబాద్‌లో పేరు మిగిలిన మొదటి బ్రిటిష్ డిజైనర్ ఎష్ కాదు. ఆయనకు వందేళ్ల ముందు మద్రాస్ ఇంజినీర్స్‌కు చెందిన లెఫ్టినెంట్ శామ్యూల్ రస్సెల్ కోఠీ రెసిడెన్సీని కట్టారు. 1803 ప్రాంతంలో మొదలైన ఆ భవనాన్ని కట్టించింది రెసిడెంట్ జేమ్స్ కిర్క్‌పాట్రిక్. హైదరాబాదీ ఖైరున్నిసాను నికాహ్ చేసుకున్న కిర్క్‌పాట్రిక్ ఈయనే. 1805లోనే ఆయన కన్నుమూశారు. ముందు పెద్ద స్తంభాలు, మెట్లకు రెండు పక్కలా సింహాలు. గుంబద్, మినార్ ఊసే లేదు. దీన్ని చాలామంది వాషింగ్టన్ వైట్‌హౌస్‌తో పోలుస్తారు. ఐర్లండ్‌లో పుట్టి అమెరికా వెళ్లిన జేమ్స్ హోబన్ వైట్‌హౌస్ డిజైన్ చేసింది కూడా ఆ కాలంలోనే. రెసిడెన్సీ తర్వాత మహిళా కాలేజీ అయింది. ఇప్పుడది మహిళా యూనివర్సిటీ.

1806లో మూడో నిజాం సికందర్ జా పేరుతో ఏర్పడిన సికింద్రాబాద్‌లో మాత్రం మొదట్లో కట్టిందంతా ఎక్కువగా కంటోన్మెంట్ పనే. బారక్‌లు, బంగ్లాలు, చర్చిలు వచ్చాయి గానీ ఎష్ లాగా పేరు నిలిచిన ఆర్కిటెక్ట్ లేరు.

ఇక అమెరికన్ల వంతు మన కాలంలో వచ్చింది. 2008లో మొదలైన అమెరికా కాన్సులేట్ చాలా ఏళ్లు బేగంపేటలోని పైగా ప్యాలెస్‌లో నడిచింది. 2023 మార్చిలో నానక్‌రామ్‌గూడకు మారింది. ఆ కొత్త భవనం డిజైన్ అరిజోనాకు చెందిన రిచర్డ్ ప్లస్ బాయర్ సంస్థది. వీసా కోసం అక్కడ లైన్లో నిలబడే పిల్లల తాతలు ఎష్ కట్టిన స్టేషన్లో రైలు దిగినవాళ్లే.

ఇప్పుడేం జరుగుతోంది?

2020 జులై వానలకు ఉస్మానియా పాత భవనంలోకి నీళ్లొచ్చాయి. పేషెంట్లను ఖాళీ చేయించి, భవనాన్ని మూసేశారు. కూల్చాలా, కాపాడాలా అన్న వాదన కోర్టు దాకా వెళ్లింది. 2025 జనవరి 31న గోషామహల్‌లో కొత్త దవాఖానకు ముఖ్యమంత్రి రేవంత్ రెడ్డి శంకుస్థాపన చేశారు. హైకోర్టు కూడా మారుతోంది. 2024 మార్చి 27న రాజేంద్రనగర్ బుద్వేల్‌లో 100 ఎకరాల్లో కొత్త భవనానికి అప్పటి ప్రధాన న్యాయమూర్తి జస్టిస్ డీవై చంద్రచూడ్ శంకుస్థాపన చేశారు.

పేషెంట్లకు మంచి వార్డులు కావాలి, కోర్టుకు స్థలం కావాలి. అందులో తప్పు పట్టడానికేమీ లేదు. అసలు ప్రశ్న పాత భవనాల గురించి. రైళ్లు ఆగుతున్నాయి గనుక కాచిగూడ నిలబడి ఉంది. కాలేజీ పిల్లలు ఉన్నారు గనుక సిటీ కాలేజీ గంట మోగుతోంది. మూతపడిన భవనంలో కారిన చూరు బాగుచేయించమని అడిగే మనిషి ఉండడు. కోఠీ రెసిడెన్సీ కూడా ఏళ్ల తరబడి శిథిలమైంది. వరల్డ్ మాన్యుమెంట్స్ ఫండ్ లాంటి సంస్థలు చేయి కలిపాకే మరమ్మతులు జరిగాయి.

ఎష్ 1950లో చనిపోయారు. అంతకు ఎనిమిదేళ్ల ముందు, 1942లో, తన కట్టడాలపై ఒక పుస్తకం వేశారు. దాని పేరులోనే ‘ప్రధానంగా హైదరాబాద్ రాజ్యంలో’ అన్న మాట ఉంది. కలకత్తాలో అంత పేరున్న పని చేసిన మనిషి, చివరికి తన పనిగా చూపించుకున్నది మూసీ ఒడ్డున కట్టినవాటినే.