స్క్వాష్‌ఎఫ్‌ఎస్

స్క్వాష్‌ఎఫ్‌ఎస్ అనేది ఫైళ్లను కుదించి దాచే లినక్స్ ఫైల్ సిస్టమ్. ఇందులోవి చదవడమే తప్ప మార్చడం కుదరదు. ఫిలిప్ లౌగర్ దీన్ని 2002లో విడుదల చేశారు. 2009లో 2.6.29 కెర్నల్‌తో లినక్స్‌లో భాగమైంది. వైఫై రౌటర్ల వంటి చిన్న పరికరాల్లో దీని వాడకం ఎక్కువ.

అంతకుముందు ఈ పని లైనస్ టోర్వాల్డ్స్ రాసిన క్రామ్‌ఎఫ్‌ఎస్ చేసేది. అందులో ఒక్కో ఫైలు 16 ఎంబీ దాటకూడదు. 4 కేబీ ముక్కలుగానే కుదించేది. స్క్వాష్‌ఎఫ్‌ఎస్‌లో బ్లాకు మామూలుగా 128 కేబీ, కావాలంటే 1 ఎంబీ దాకా పెంచుకోవచ్చు. బ్లాకు పెద్దదైతే చోటు బాగా కలిసొస్తుంది. కానీ అందులో చిన్న ముక్క కావాలన్నా బ్లాకు మొత్తం విప్పాలి. బలహీనమైన ప్రాసెసర్‌కు అది భారమే. ఈ బేరం సరిగ్గా కుదర్చడంలోనే ఇంజనీరు పనితనం ఉంది. అచ్చం ఒకేలా ఉన్న ఫైళ్లు ఎన్ని ఉన్నా ఒక్కసారే దాచడం, ఫైళ్ల చివర మిగిలిన తునకలన్నీ ఒకే బ్లాకులో సర్దడం దీని ఇతర సుగుణాలు.

మార్చలేకపోతే వైఫై పాస్‌వర్డ్ ఎక్కడ దాచాలి? రౌటర్ల కోసం తయారైన ఓపెన్‌డబ్ల్యుఆర్‌టీ, స్క్వాష్‌ఎఫ్‌ఎస్ పైన రాయడానికి వీలున్న జెఎఫ్‌ఎఫ్‌ఎస్2 పొరను పెట్టి, ఓవర్‌లేఎఫ్‌ఎస్‌తో రెండిటినీ కలుపుతుంది. మార్పులన్నీ పైపొరలోకే వెళ్తాయి. ఫ్యాక్టరీ రీసెట్ చేస్తే ఆ పొర చెరిగిపోయి, కింద ఉన్న అసలు వ్యవస్థ చెక్కుచెదరకుండా బయటపడుతుంది. చిక్కల్లా ఒకటే: కింది పొరలోని ప్రోగ్రామును తీసేసినా చోటు ఖాళీ కాదు. 8 ఎంబీ ఫ్లాష్ ఉన్న రౌటరులో అది చిన్న ఇబ్బంది కాదు.

అయితే కింది పొర మారని ఈ కట్టుదిట్టం పల్నాడు వంటి చోట బాగా అక్కరకొస్తుంది. 2017 డిసెంబరు 27న ప్రారంభమైన ఏపీ ఫైబర్‌నెట్ కేబుళ్లను కరెంటు స్తంభాల మీదుగానే లాగారు. ఇంటర్నెట్ పల్లెలకు చేరినా గాలివానకు కరెంటు పోవడం ఆగలేదు. నరసరావుపేటలోనో మాచర్లలోనో సాయంత్రం పూట సరఫరా నాలుగుసార్లు పోయి వచ్చినా, స్క్వాష్‌ఎఫ్‌ఎస్ మీద నడిచే రౌటరులోని మూల ఫైళ్లకు దానివల్ల ముప్పు లేదు. రాస్తూ ఉండగా మధ్యలో ఆగిపోయే పనంటూ ఆ పొరలో ఉండదు కదా.

ఫర్మ్‌వేర్ అప్‌డేట్ సంగతి వేరు. అప్పుడు తిరగరాసేది ఆ మూల పొరనే. మధ్యలో కరెంటు పోతే రౌటరు మళ్లీ లేవకపోవచ్చు కాబట్టి, ఆ కాసేపు దాన్ని ఇన్వర్టర్ ఉన్న ప్లగ్గుకే పెట్టాలి.